ఒప్పుకున్నది నేనే, తట్టుకోలేకపోతున్నదీ నేనే!

తిరుపతి నుంచి ఒక పాఠకుడు సుదీర్ఘమైన ఉత్తరం రాశారు. ఆనవాళ్లు తెలియకుండా కొన్ని వివరాలు మార్చి, సారాంశం ఇక్కడ ఇస్తున్నాం.

ఆయన వయసు 42. రేణిగుంట దగ్గర ఒక కంపెనీలో అకౌంట్స్ చూస్తారు. భార్యకు 38, ప్రైవేటు కాలేజీలో లెక్చరర్. పెళ్లయి 15 ఏళ్లు. కొడుకు ఎనిమిదో తరగతి. కింది పోర్షన్‌లో ఆయన తల్లి ఉంటారు. నిరుడు వేసవిలో ఒక రాత్రి భార్య కూర్చోబెట్టి మాట్లాడింది. తమ ట్రెక్కింగ్ బృందంలో ఒకాయన మీద ఇష్టం పెరుగుతోందని, ఇంకా ఏమీ జరగలేదని చెప్పింది. "మీ దగ్గర దాచి బతకడం నా వల్ల కాదు. మిమ్మల్ని వదులుకోవడమూ నా వల్ల కాదు" అంది. ఆ మూడో మనిషికి విడాకులయ్యాయి, ఒంటరిగా ఉంటాడు. భార్యాభర్తలిద్దరూ నాలుగు నెలలు దీని గురించి చదివారు, పోట్లాడుకున్నారు, ఏడ్చారు. చివరికి పాలీయామరీ (అందరి అంగీకారంతో ఒకరికంటే ఎక్కువ మందితో ప్రేమబంధం) పద్ధతిలో చూద్దామనుకున్నారు. నాలుగు షరతులు పెట్టుకున్నారు: గురువారం సాయంత్రాలు మాత్రమే, అతన్ని ఇంటికి తీసుకురాకూడదు, బంధువులకు తెలియకూడదు, భర్త "ఆపు" అంటే ఆపేయాలి.

ఏడు నెలలు గడిచాయి. "ఆమె ఒక్క అబద్ధం చెప్పలేదు సార్. చెప్పిన టైముకు ఇంటికొస్తుంది. నాతో బాగానే ఉంటుంది. అయినా గురువారం వస్తే నాకు అన్నం దిగదు. నాలుగు కిలోలు తగ్గినాను" అని రాశారు. ఒకసారి ఇంటి ఖర్చుల గొడవలో "ఆ సంబంధం ఆపెయ్" అనేశారు. ఆమె ఆపేసింది. మూడు వారాలు ఇంట్లో మాటల్లేవు. చివరికి ఆయనే "సరేలే, వెళ్లు" అన్నారు. ఇప్పుడు ఆమె ఆ స్నేహితుడితో రెండు రోజులు పుదుచ్చేరి వెళ్లాలని అడుగుతోంది. కొడుకేమో "అమ్మ ప్రతి గురువారం యాడికి పోతాది నాన్నా?" అన్నాడు. బావమరిది బైపాస్ రోడ్డులో ఒక హోటల్లో వాళ్లిద్దరినీ చూశాడు. మందు మీద నోరు జారి ఒక చిన్ననాటి స్నేహితుడికి చెబితే "నువ్వు మగోడివేనా రా?" అన్నాడు. తానూ ఒక డేటింగ్ యాప్‌లో చేరి చూశారు, ఒక్కరూ పలకలేదు. "మొదట్లో ఒప్పుకున్నప్పుడు, కాదంటే వెళ్లిపోతుందేమోనన్న భయం కూడా కొంచెం ఉండింది" అని చివర్లో ఒక వాక్యం రాశారు. ఆయన అడుగుతున్నవి ఇవి: నన్ను నేను మోసం చేసుకుంటున్నానా? ఇప్పుడు ఆపమంటే మాట తప్పినట్టా? కోర్టు, పోలీసు గొడవలు వస్తాయా? "నాకు విడాకులు మాత్రం వద్దు."

*

ముందు మీ స్నేహితుడి ప్రశ్న తేల్చేద్దాం. మిగతావన్నీ ఆలోచించకుండా మీకు అదే అడ్డం పడుతోంది. అదే స్నేహితుడికి మీరు చిన్నిల్లు పెట్టానని చెప్పివుంటే నవ్వి, భుజం తట్టి, ఇంకో గ్లాసు పోసేవాడు. మన ఊళ్లలో ఆ ఏర్పాటు తెలియనిది కాదు. అందరికీ తెలిసే ఉంటుంది, ఇంట్లో భార్యను మాత్రం ఎవరూ అడగరు. మీ ఇంట్లో జరిగింది దానికి తలకిందులు. ఏదైనా జరగకముందే మిమ్మల్ని అడిగారు. ఈ పద్ధతి మీకు సరిపడుతుందా లేదా అన్నది వేరే విషయం, సరిపడకపోవచ్చు కూడా. కానీ దాన్ని మగతనం కొలబద్దతో తేల్చబోతే ఎప్పటికీ తేలదు.

పాలీయామరీ అంటే అందరికీ తెలిసి, అందరూ ఒప్పుకుని, ఒకరికంటే ఎక్కువ మందితో ప్రేమబంధం ఉండటం. ఓపెన్ మ్యారేజ్ అన్నప్పుడు ఎక్కువగా శారీరక సంబంధాల వరకే తలుపు తెరుస్తారు, మనసు పంచుకోవడం లెక్కలో ఉండదు. మీది మొదటి రకం. అందులోనూ ఒక ప్రత్యేకమైన అమరిక: మధ్యలో మీ భార్య, ఆమెకు ఇద్దరు, మీకు ఆమె ఒక్కరే. బయటి దేశాల్లో దీన్ని మోనో-పాలీ జంట అంటారు. ఇది కొత్తదీ కాదు, వింతదీ కాదు, కానీ ఉన్న అమరికల్లో కష్టమైన వాటిలో ఒకటి. లెక్క సరిచేయడానికి మీరూ ఎవరినో వెతుక్కోవాలన్న నియమం ఎక్కడా లేదు. యాప్‌లో ఎవరూ పలకకపోవడాన్ని మనసుకు తీసుకోకండి. అక్కడ మగవాళ్లు చాలా ఎక్కువ, ఆడవాళ్లు తక్కువ, అందులో పెళ్లయిందని నిజం చెప్పే మగవాడికి జవాబులు ఇంకా తక్కువ. మీకు నిజంగా ఇంకొకరు కావాలనిపించకపోతే ఆ యాప్ తీసేయండి. లెక్క సమం చేయడానికి ఒక ఆడమనిషిని వెతకడం ఆమెకు కూడా అన్యాయమే.

ఇప్పుడు మీ ఉత్తరం చివర్లో, ఏదో మరిచిపోయి చేర్చినట్టుగా రాసిన ఆ వాక్యం దగ్గరికి వద్దాం. కాదంటే వెళ్లిపోతుందేమోనన్న భయంతో కొంత ఒప్పుకున్నానన్నారు. మిగతా అన్నిటికంటే ఇదే ముఖ్యం. భయం కొంచెం కలిసినంత మాత్రాన మీ అంగీకారం అబద్ధమైపోదు. పెద్ద నిర్ణయాలు భయం లేకుండా ఎవరూ తీసుకోరు. కానీ ఆ భయం మీ భార్యకు తెలియదు. మీరు పూర్తి మనసుతో సరేనన్నారని ఆమె అనుకుంటోంది, ఆ లెక్కలోనే పుదుచ్చేరి దాకా వచ్చింది. "నేను కాదని ఉంటే నువ్వేం చేసి ఉండేదానివి?" అన్న ప్రశ్న మీరు అప్పుడు అడగలేదు. జవాబు ఎలా ఉంటుందోనని అడగలేదు. ఇప్పుడైనా అడగాలి. "మీరు కాదంటే అతనికి దూరమయ్యేదాన్ని, బాధపడేదాన్ని, కానీ ఉండేదాన్ని" అని ఆమె అంటే, ఇన్నాళ్లూ మీరు మోసిన భయం సగం పైగా దించుకోవచ్చు. "తెలియదు" అంటే అదీ పనికొచ్చే జవాబే, ఇద్దరూ ఎక్కడ నిలబడ్డారో తెలుస్తుంది. కాదు అనే వీలు లేనిచోట అవును అనే మాటకు బరువుండదు. ఆ బరువు లేకపోవడమే మీ కడుపులో మంటకు ఒక కారణం అయివుండొచ్చు.

ఇంకో కారణం మీ గురువారంలోనే ఉంది. మీరే రాసిన వివరాలు పక్కపక్కన పెట్టి చూడండి. సాయంత్రం ఆరు గంటలకు ఆమె తయారై బయల్దేరుతుంది. మీరు ఆఫీసు నుంచి వచ్చి, అబ్బాయి హోంవర్క్ చూసి, దోసెలు పోసి, కింద అమ్మకు మాత్రలిచ్చి, అంట్లు సర్ది, తొమ్మిదిన్నర దాకా గేటు చప్పుడు కోసం చూస్తూ కూర్చుంటారు. ఆమె గురువారం సెలవు రోజు. మీ గురువారం డ్యూటీ రోజు, పైగా కాపలా. మరి మీకు అలాంటి సాయంత్రం వారంలో ఒక్కటైనా ఉందా? ఉత్తరంలో ఎక్కడా కనబడలేదు. అసూయ అని మీరనుకుంటున్న దాంట్లో కొంత భాగం శుద్ధ అలసట, అన్యాయం జరుగుతోందన్న ఉక్రోషం.

అసూయ ఒకే ముద్దగా ఉండదు, కొన్ని పాయలు కలిసి అలా కనిపిస్తుంది. పోగొట్టుకుంటానన్న భయం ఒకటి. అతనితో పోల్చుకోవడం ఇంకోటి. నన్ను పక్కన పెట్టారన్న బాధ, ఊరికి తెలిస్తే పరువేమవుతుందన్న దిగులు, సమయం విషయంలో అన్యాయం ఇవన్నీ వేర్వేరు. ఒక్కోదానికి మందు వేరు. ఈ నాలుగు గురువారాలు ఒక చిన్న నోట్‌బుక్ దగ్గర పెట్టుకోండి. మంట ఏ గంటకు మొదలైంది, ఆ క్షణంలో మనసులో ఏ బొమ్మ కదిలింది, ఏం జరిగి ఉంటే తగ్గేది అన్న మూడు ముక్కలు రాయండి. ఆరు గంటలకు ఆమె చీర మార్చుకుంటున్నప్పుడే మొదలైతే అది పోలిక. "నాతో బయటికి వచ్చేటప్పుడు ఇంత శ్రద్ధగా తయారవదు" అన్నది దాని లోపలి మాట. తొమ్మిది దాటాక మొదలైతే అది భయం. పిల్లవాడు ప్రశ్న వేసినప్పుడు పొంగితే అది పరువు. నాలుగు వారాల తర్వాత చూస్తే ఏ పాయ పెద్దదో మీకే కనబడుతుంది. అప్పుడు "నాకు కష్టంగా ఉంది" అని గాల్లో మాట అనకుండా, ఒక పని అడగొచ్చు.

అడగదగ్గ పనులు కొన్ని చెబుతాను. మంగళవారమో, ఆదివారమో ఒక సాయంత్రం పూర్తిగా మీది: ఇల్లు, అబ్బాయి, అమ్మ మాత్రలు అన్నీ ఆమె చూసుకోవాలి, మీరు షటిల్ ఆడతారో, సినిమాకు పోతారో, అలిపిరి నుంచి మెట్లెక్కుతారో మీ ఇష్టం. రెండోది, మీ ఇద్దరికీ వారంలో రెండున్నర మూడు గంటలు, ఫోన్లు పక్కన పెట్టి, ఇంటి లెక్కలు ఎత్తకుండా. కొత్త బంధం మొదలైనప్పుడు వచ్చే మత్తు కొందరికి ఆరు నెలలు, కొందరికి ఏడాది రెండేళ్లు కూడా ఉంటుంది. ఆ మత్తులో ఉన్న మనిషి తెలియకుండానే మంచి మాటలు, మంచి చీరలు అక్కడికి, కరెంటు బిల్లు సంగతులు ఇక్కడికి కేటాయిస్తుంది. చెడ్డతనంతో కాదు. దాన్ని సరిచేయాల్సింది మధ్యలో ఉన్న మీ భార్యే. ఇద్దరి మధ్య నిలబడ్డవాళ్ల మీద పడే ముఖ్యమైన పని అదే. మూడోది, వచ్చాక పది నిమిషాలు మీ పక్కన కూర్చోవడం. అక్కడ ఏం జరిగిందో చెప్పడానికి కాదు, ఇంటికొచ్చానని మీకు తెలియడానికి.

ఎంత తెలుసుకోవాలన్నది కూడా తేల్చుకోండి. ఏమీ చెప్పకపోతే ఊహ పని మొదలుపెడుతుంది, అది నిజం కంటే ఎప్పుడూ ఘోరంగానే ఉంటుంది. అన్నీ చెబితే ఆ బొమ్మలు కళ్ల ముందు నుంచి పోవు. అడిగి అడిగి తెలుసుకుని, తర్వాత వారం రోజులు కుమిలిపోయే భర్తలు, భార్యలు ఎక్కువ మందే ఉంటారు. చాలామందికి పనికొచ్చేది మధ్య దారి: ఎక్కడ, ఎప్పటిదాకా, ఆరోగ్య జాగ్రత్తల్లో ఏదైనా మారిందా, మన ఇద్దరి జీవితాన్ని తాకే మార్పు ఏదైనా ఆమె మనసులో వచ్చిందా. అంతవరకు.

"ఆపు" షరతు సంగతి. ఇది పెట్టుకునే జంటలు చాలా ఉంటాయి, ధైర్యంగా అనిపిస్తుంది. విరిగేదీ ఎక్కువగా ఇక్కడే. ఒకటి, అవతల ఉన్నది కూడా మనిషే. అతన్ని ఒక్క మాటతో తీసేయొచ్చని మీరిద్దరూ అతను లేనప్పుడు రాసుకున్నారు. రెండు, ఆ మాట చేతిలో ఉంటే ఏ గొడవలోనైనా నోటికొస్తుంది. మీకు వచ్చింది ఇంటి ఖర్చుల మీద. ఆమె మాట నిలబెట్టుకుని ఆపేసింది, చూడండి, అది చిన్న విషయం కాదు. కానీ ఆ మూడు వారాల్లో ఆమెకు అర్థమైంది ఏమిటంటే, ఏ కూరలో ఉప్పు ఎక్కువైనా ఇది పోవచ్చు. మీరు వెనక్కి తీసుకున్నా ఆ బెరుకు పోలేదు. మీకేమో ఆ మాట ఇంకెప్పుడూ అనలేనేమో అన్న బెరుకు. షరతు కాగితం మీద ఉంది కానీ ఇద్దరికీ పనికిరాకుండా పోయింది.

దాని స్థానంలో రెండు పెట్టుకోవచ్చు. మొదటిది విరామం: ఉన్నది ఉన్నట్టే నడుస్తుంది, కానీ 30 రోజుల పాటు కొత్తది ఏదీ చేరదు. రాత్రి బసలు, ప్రయాణాలు, అదనపు రోజులు ఆ నెలలో ఉండవు. మొదలైన తేదీ, ముగిసే తేదీ రాసుకోవాలి. గొడవ నడుస్తుండగా కాకుండా, మరునాడు అడగాలి. రెండోది మీ సొంత గీత: "నువ్వు ఇది చేయకూడదు" అనడానికి బదులు "ఇది ఇలాగే సాగితే నేను ఈ ఇంట్లో ఆరోగ్యంగా ఉండలేను" అని నిజం చెప్పడం. అది ఆజ్ఞ కాదు. ఏం చేయాలో ఆమె ఎంచుకుంటుంది, ఆ ఎంపికను బట్టి మీరు ఎంచుకుంటారు. ఆజ్ఞాపిస్తే ఆమె మీద అధికారం ఉన్నట్టు కనబడుతుంది, నిజం చెబితే ఆమె ఏమంటుందోనన్న గుబులు ఉంటుంది. అందుకే అందరూ ఆజ్ఞనే పట్టుకుంటారు.

ఇక "మాట తప్పినట్టా?" అన్నారు. కాదు. ఇలాంటి అంగీకారం ఒకసారి ఇచ్చి తాళం వేసేది కాదు, ఆమెకూ కాదు, మీకూ కాదు. ఏడు నెలలు నిజాయితీగా ప్రయత్నించి నావల్ల కావడం లేదని చెప్పడం మాట తప్పడం అవదు. అయితే చెప్పే తీరుకు ఖరీదు ఉంటుంది. గొడవలో విసిరితే అది శిక్షలా తగులుతుంది.

మీ ముందున్న దారులు ఏమిటో, వాటి వెనక ఏం వస్తుందో చూద్దాం. పైన చెప్పిన మార్పులతో మూడు నెలలు నడపడం ఒకటి. దీనిలో మీ గురువారాలు తేలికపడొచ్చు, పడకపోవచ్చు కూడా. మూడు నెలల చివర నిద్ర, తిండి, బరువు ఎలా ఉన్నాయో చూడాలి, "అలవాటైపోతుందిలే" అని పొడిగించుకుంటూ పోకూడదు. ఇంకోటి, ఉన్నదాన్ని కుదించడం: నెలకు రెండు సాయంత్రాలు, ప్రయాణాలు లేవు. మీకు ఊపిరి తీసుకునే చోటు దొరుకుతుంది, ఆమెకూ అతనికీ అసంతృప్తి మిగులుతుంది, అతను తప్పుకోవచ్చు. పూర్తిగా మూసేయడం మూడోది. అదే మీ నిర్ణయమైతే ఫోన్‌లో ఒక్క మెసేజ్‌తో కాకుండా, ఆమె అతన్ని కలిసి మర్యాదగా వీడ్కోలు చెప్పుకోవడానికి రెండు వారాలైనా ఇవ్వండి. ఆ తర్వాత కొన్ని నెలలు మీ ఇంట్లో ఒక మనిషి దుఃఖంలో ఉంటుందని ముందే అనుకోండి. ఇంకొకరిని పోగొట్టుకున్నందుకు ఏడుస్తున్న భార్యను చూడగలరా అన్నది మీరు నిజాయితీగా వేసుకోవాల్సిన ప్రశ్న. ఆమె ఒప్పుకోకపోతే? అప్పుడు మీరు వద్దనుకుంటున్న విడాకుల మాట వస్తుంది. దాన్ని దాచిపెట్టి మిగతావి తేల్చలేం.

పుదుచ్చేరి విషయంలో, అడిగిన రోజే జవాబు చెప్పకండి. మూడు రోజులు తీసుకుంటానని చెప్పండి. రాత్రి బస గురువారానికి పొడిగింపు కాదు, వేరే మెట్టు. ఈసారి కాదు, మూడు నెలల తర్వాత మాట్లాడదాం అనడం ఒక జవాబు. ఒక్క రాత్రి, అబ్బాయి పరీక్షలు లేని వారంలో, బయల్దేరేటప్పుడు, చేరాక, మరుసటి ఉదయం ఒక్కో మెసేజ్ అనేది మరో జవాబు. లోపల వద్దనుకుంటూ సరేనంటే మాత్రం ఆ రెండు రోజులు మీరిక్కడ ఏమవుతారో గురువారాలను బట్టి మీకే తెలుసు.

అబ్బాయికి 13 ఏళ్లు. వాడికి సగం తెలుసని అనుకునే మాట్లాడండి. ట్యూషన్ అనో, మీటింగ్ అనో అబద్ధం అల్లకండి, ఈ వయసులో పట్టేస్తారు. పట్టుకున్నాక అమ్మానాన్నల మిగతా మాటలన్నీ కూడా అనుమానిస్తారు. "గురువారం అమ్మ తన స్నేహితులను కలుస్తుంది, ఇంటి పని నాన్నది. మంగళవారం నాన్న వెళ్తాడు, ఇంటి పని అమ్మది" అన్నది నిజమే, వాడికి చాలినంతే. మీకో సాయంత్రం ఉండాలనడానికి ఇది ఇంకో కారణం, అప్పుడు అమ్మ ఒక్కతే బయటికి పోయేదిగా కనబడదు. "నానమ్మకు చెప్పొద్దు" అని మాత్రం వాడిచేత ఒట్టు పెట్టించుకోకండి. పెద్దల రహస్యానికి పిల్లవాణ్ని కాపలా పెట్టడం వాడికి చేసే అసలు హాని. అమెరికా సామాజిక శాస్త్రవేత్త ఎలిజబెత్ షెఫ్ 1990ల నుంచి ఇలాంటి కుటుంబాలను, పిల్లలను ఏళ్ల తరబడి గమనించారు. ఇల్లు నిలకడగా ఉన్నచోట పిల్లలు బాగానే పెరిగారని, అలవాటైన పెద్దవాళ్లు విడిపోయి వెళ్లిపోయినప్పుడు బాధపడ్డారని ఆమె చెప్పారు. ఆ కుటుంబాలకు కింది పోర్షన్‌లో నానమ్మ, బైపాస్ రోడ్డులో మేనమామ లేరన్నది గుర్తుంచుకోవాలి. అయినా అతన్ని ఇంటికి రప్పించి పిల్లవాడికి దగ్గర చేయకూడదన్న మీ షరతు ఇందువల్లే సరైనది.

తిరుపతిలో ఎక్కడ కూర్చున్నా ఎవరో ఒక బంధువు తగులుతాడు, పెళ్లిళ్ల సీజన్‌లో అయితే మరీ. బావమరిది చూసినదానికి అక్క ఏం చెప్పాలో మీరిద్దరూ కలిసి అనుకోండి, ఇద్దరి నోటా ఒకే మాట రావాలి. "మా ట్రెక్కింగ్ గ్రూపు ఆయన, నాకూ తెలుసు" అని మీరు తేలిగ్గా అంటే అక్కడితో ఆగుతుంది. అది అబద్ధం కూడా కాదు. పూర్తిగా బయటపడితే మాత్రం మీ ఇద్దరి మీదా ఒకేలా పడదు. మిమ్మల్ని జాలిగా చూస్తారు, ఎగతాళి చేస్తారు. ఆమెకు కాలేజీలో ఉద్యోగం, పుట్టింట్లో చోటు, పేరు అన్నీ పోవచ్చు. మందు గ్లాసు ముందు మీరు నోరు జారింది మీ రహస్యం కంటే ఎక్కువగా ఆమె భద్రత. మాట్లాడుకోవడానికి మీకు ఎవరో ఒకరు ఉండాలి, కాదనను. ఆ ఒక్కరు ఎవరన్నది ఆమెకు చెప్పి ఎంచుకోండి.

చట్టం గురించి అడిగారు. పరస్పర అంగీకారంతో మీరు ముగ్గురూ నడుపుతున్నది నేరం కాదు. 2018 సెప్టెంబర్ 27న జోసెఫ్ షైన్ కేసులో సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం, వివాహేతర సంబంధాన్ని నేరంగా చూసే ఐపీసీ 497వ సెక్షన్‌ను కొట్టేసింది. ఆ పాత సెక్షన్‌లో ఒక విడ్డూరం ఉండేది: భర్త ఒప్పుకుంటే నేరమే లేదు, ఒప్పుకోకపోతే అవతలి మగవాడికి జైలు. భార్యను భర్త ఆస్తిలా చూడటమే అది అని కోర్టు తప్పుపట్టింది. 2024 జూలై 1 నుంచి ఐపీసీ స్థానంలో అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలోనూ ఆ నేరం లేదు. రెండో పెళ్లి మాత్రం నేరమే, 82వ సెక్షన్ కింద ఏడేళ్ల దాకా జైలు. "మా తృప్తి కోసం" అంటూ ఏ గుడిలోనూ ఎవరూ తాళి కట్టించుకోకూడదు. మన ఊళ్లో ఆ ఆలోచన సులభంగా వస్తుంది కాబట్టి చెబుతున్నాను.

సివిల్ వైపు వేరే లెక్క. వివాహేతర సంబంధం హిందూ వివాహ చట్టం 13వ సెక్షన్ కింద విడాకులకు ఇప్పటికీ కారణమే. కానీ అదే చట్టం 23వ సెక్షన్ ప్రకారం, తెలిసి సహకరించినవాడు, క్షమించినవాడు ఆ కారణం చూపి విడాకులు అడగలేడు. అంటే రేపు మీరు ఆ దారిన పోవాలనుకున్నా మీ అంగీకారం అడ్డొస్తుంది. పరస్పర సమ్మతి విడాకులకు ఆ అడ్డంకి లేదు. భరణం విషయంలో మీ భార్యకు ప్రమాదం ఎక్కువ: భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 144వ సెక్షన్, వివాహేతర సంబంధంలో జీవిస్తున్న భార్యకు భరణం నిరాకరిస్తుంది. మీరు కోరుకున్నా కోరుకోకపోయినా మీ చేతిలో ఒక కత్తి ఉంది. గొడవల్లో దాన్ని చూపించనని ఆమెకు ఒకసారి నోటితో చెప్పండి. పిల్లల సంగతి కూడా తెలియాలి. పెళ్లి కొనసాగుతుండగా పుట్టిన బిడ్డకు, భార్యాభర్తలు కలిసే అవకాశమే లేదని రుజువైతే తప్ప, భర్తే తండ్రి అని భారతీయ సాక్ష్య అధినియమ్ 116వ సెక్షన్ అంటుంది. కాబట్టి గర్భనిరోధం ఆమె ఒక్కరి వ్యవహారం కాదు, ముగ్గురూ స్పష్టంగా మాట్లాడుకోవాలి. మీరు రాసుకున్న షరతుల కాగితాన్ని కోర్టు అమలు చేయించదు. మీ జ్ఞాపకం కోసం ఉంచుకోండి, వాట్సాప్‌లో మాత్రం తిప్పకండి.

ఉత్తరంలో ఆరోగ్యం గురించి ఒక్క మాట లేదు, అదే ఆశ్చర్యం. ముగ్గురూ హెచ్‌ఐవీ, సిఫిలిస్, హెపటైటిస్ బి పరీక్షలు చేయించుకోవాలి. ఇప్పుడొకసారి, ఆపైన మూడు నుంచి ఆరు నెలలకోసారి. హెచ్‌ఐవీ సోకిన మర్నాడే పరీక్షలో తేలదు. ల్యాబ్‌లో చేసే నాలుగో తరం పరీక్షకు 45 రోజులు, మామూలు ర్యాపిడ్ పరీక్షకు 90 రోజులు గడిస్తేనే లేదని నమ్మాలి. ప్రభుత్వాసుపత్రుల్లోని హెచ్‌ఐవీ కౌన్సెలింగ్, పరీక్షా కేంద్రాల్లో (ఐసీటీసీ) ఇది ఉచితం, 2017 హెచ్‌ఐవీ చట్టం ప్రకారం ఫలితం గోప్యంగా ఉంచాల్సిందే. ఊళ్లో చేయించుకోవడం ఇబ్బందిగా ఉంటే వెల్లూరో చెన్నైయో వెళ్లండి. హెపటైటిస్ బి టీకా పెద్దవాళ్లకు మూడు డోసులు: మొదటిది, దాని తర్వాత నెలకు రెండోది, ఆరో నెలలో మూడోది. అతనితో కండోమ్ తప్పనిసరి అన్న మాట ఉంటే, ఎప్పుడైనా తప్పినరోజు దాచకుండా చెప్పుకోవాలన్నది కూడా అందులో భాగమే. చెప్పినందుకు గొడవ జరిగితే రెండోసారి చెప్పరు.

నాలుగు కిలోలు తగ్గడం, అన్నం దిగకపోవడం రెండు వారాలకు మించి సాగుతుంటే ఒక డాక్టర్‌కు చూపించుకోండి. అన్నీ మనసు మీదికి నెట్టకండి, ముందు షుగర్, థైరాయిడ్ చూస్తారు. నిద్ర, దిగులు గురించి మాట్లాడటానికి ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ 14416 ఉచితం, తెలుగులో మాట్లాడతారు. జంటగా కౌన్సెలర్‌ను కలవాలంటే ఫీజు కట్టేముందే ఫోన్లో అడగండి: మా ఏర్పాటు తప్పని మీరు ముందే తేల్చుకున్నారా, లేక మేం ఏది ఎంచుకున్నా అందులో సాయం చేస్తారా? తడబడితే ఇంకొకరిని చూసుకోండి, ఆన్‌లైన్‌లో అయినా ఫర్వాలేదు.

ఈ మాటలు ఆమెతో ఎప్పుడు ఎత్తాలంటే గురువారం వద్దు, శుక్రవారమూ వద్దు. ఆదివారం అబ్బాయి క్రికెట్‌కు పోయిన రెండు గంటలు చాలు. నోట్‌బుక్ తీసి ఆమె ముందు పెట్టి లెక్కలు చదవకండి, అది ఆడిట్ అవుతుంది. మొదట ఆ భయం సంగతి చెప్పండి, కాదంటే ఏం చేసేదానివని అడగండి. ఆమె జవాబు పూర్తయ్యేదాకా మధ్యలో మాట్లాడకండి. తర్వాత మీకో సాయంత్రం కావాలని అడగండి. మొదటిరోజుకు ఈ రెండే. పుదుచ్చేరి, "ఆపు" షరతు, పరీక్షలు వచ్చే ఆదివారానికి పెట్టుకోండి.